మూడేండ్లు

చిత్తూరు కోర్టు మెట్ల మీద
లాయరు వేళ్లు మడిచి లెక్క జెప్పినాడు.
నెలకు పన్నెండు వేలు, ఏడాదికి ఇంత,
అందులో నాలుగో వంతు తీసెయ్యాలమ్మా,
అది నీ కొడుకు తనకోసం ఖర్చుపెట్టుకోనుండేది.

నాలుగో వంతా సామీ?
మా చెంగల్రాయుడు
తెగిన చెప్పుకు పిన్నీసు గుచ్చుకొని తిరిగినోడు.
బంగారుపాళెం మండీ కాడ అందరూ బోండాలు తింటా ఉంటే
నాకు కడుపులో మంటని జెప్పి
తన వంతు పొట్లం కట్టించుకోనొచ్చి
పిలకాయల ముందర పెట్టినోడు.
నెలకు మూడువేలు వానికి యాడ ఖర్చయినాయో
ఆ కాయితానికే తెలవాల.
సరే, తీసెయ్యి.

ఇప్పుడు దీన్ని పదైదుతో గుణించాలన్నాడు.
పదైదెందుకు?
వయసుకో అంకె ఉందంట చట్టంలో.
ముప్పై ఐదు దాటనోడికి పదారు,
దాటినోడికి పదైదు.
"ఆధార్లో మీవాడికి ముప్పై ఏడు."

ముప్పై ఏడు కాదు సామీ, ముప్పై నాలుగు.
ఆ మూడేండ్లూ నేను పెట్టినవి.

మా ఇంటాయన పోయిన ఏడు
మామిడి గుజ్జు ఫ్యాక్టరీ గేటు కాడ
సూపర్వైజరు వాని పైపెదవి చూసి నవ్వినాడు.
"పాలు తాగే పిలకాయల్ని పెట్టుకోం, పో."
పదైదేండ్లోడు. మీసం జాడ లేదు.
పద్దెనిమిది నిండినాయని
గంగమ్మ మీద ఒట్టేసినా.
వాడు నా పక్కన మునికాళ్ల మీద లేచి నిలబడినాడు,
రవంత ఎత్తు కనపడాలని.

ఆ పొద్దు రాసుకున్న వయసే
రేషన్ కార్డులోకి పొయ్యె, ఓటు చీటీలోకి పొయ్యె,
జనవరి ఒకటో తేదీ అయ్యి ఆధార్లో కూచునె.
వాడు పుట్టింది మాత్రం చెనక్కాయలు పెరికే దినాల్లో,
ముసురులో,
మంత్రసాని వంక దాటలేక అవతలే నిలిచిపోయిన రేత్రి.

"దానికి సాక్ష్యం ఉందామ్మా?"
వంక ఉండాది సామీ.
దానికి సంతకం రాదు.

ఒక్క అంకె తేడాకు ఎంతని అడిగినా.
ఫోనులో నొక్కి చూపించినాడు.
లక్షా ఎనిమిది వేలు.

నూటెనిమిది.
ఆ రేత్రి ఎవరో నొక్కిందీ అదే అంకె,
మొగిలి ఘాటు మలుపులో.
టీవీఎస్ బండి ఒకపక్క, క్యారియర్ ఒకపక్క,
కంటైనర్ లారీ బెంగుళూరు దిక్కు పోతానే ఉండె.
అంబులెన్సు వొచ్చేటప్పటికి
నేను కట్టిచ్చిన పులుసన్నం
తారు మీద ఆరిపోయి ఉందంట.

దొంగమాట జెప్పి కూలి తెచ్చుకున్నా, నిజమే.
ఆ కూలితోనే ఇంటి మీదికి రేకులొచ్చె,
ఆ కూలితోనే నా కంటికి ఆపరేషనాయె.
ఆ కంటితోనే ఇప్పుడు ఈ పదైదును చూస్తా ఉండా.

జడ్జి ముందర ఉన్నదున్నట్టు జెప్తానంటే
లాయరు చెయ్యి అడ్డం పెట్టినాడు.
"అప్పుడు అబద్ధమాడినానంటే
ఇప్పుడు జెప్పేది ఎవురు నమ్ముతారు?"
నా కోడలు హంసవేణి ఏమీ అనలా.
ఫైలు దారాన్ని ముడేస్తా ఇప్పుతా ఉండె,
ఒళ్లో చిన్నది నిద్దరపోతా ఉండె.

తీర్పు పదైదుతోనే వొచ్చింది,
మూడు వేసవులు గడిచినాక.
పిలకాయల వంతు దుడ్లు బ్యాంకులో ఏసినారు.
పద్దెనిమిది నిండేదాకా తియ్యకూడదంట.
పద్దెనిమిది.
మళ్లీ ఆ గేటు కాడికే వొచ్చి నిలబడినా.

మొన్న చిన్నదాన్ని, చైత్రను, బడిలో ఎయ్యను పోతే
టీచరమ్మ మంచిదే, పాపం,
"రెండు నెలలేగా తక్కువ అవ్వా,
నిండినట్టు రాసేసుకుందాం, ఏమవుతాది?" అనె.

పుస్తకం మీద అరిచెయ్యి పెట్టేసినా.
పెన్ను నా వేళ్ల మధ్యన ఆగిపొయ్యె.
రెండు నెలలు పోనీ తల్లీ, మళ్లీ వొస్తాం.

తల తిప్పి చూస్తే
బిడ్డ మునికాళ్ల మీద నిలబడి ఉండాది,
బల్ల అంచు అందుకోవాలని.

భుజాల మీద చేతులేసి
మెల్లంగా
దాని మడమల్ని నేలకు దించినా.